హాంప్టన్ కోర్టు ఒక పూట, ఆక్స్‌ఫర్డ్ రెండు రోజులు

లండన్ వాటర్‌లూలో రైలెక్కితే 35 నిమిషాలు. హాంప్టన్ కోర్టే ఆఖరి స్టేషన్, కాబట్టి ఎక్కడ దిగాలో అన్న టెన్షన్ లేదు. థేమ్స్ మీది వంతెన దాటితే రాజభవనం. చాలామంది ఎనిమిదో హెన్రీ కోసం, ఆయన వంటశాలల కోసం వస్తారు. నేను కింగ్ జేమ్స్ బైబిల్ అనే పాత ఇంగ్లీషు అనువాదానికి కారకుడైన జాన్ రెనాల్డ్స్ అనే పండితుడి కోసం వెళ్లాను.

1604 జనవరిలో ఇంగ్లండ్ రాజు జేమ్స్ ఇక్కడ బిషప్పులతోనూ, చర్చిలో మార్పులు కోరే ప్యూరిటన్లతోనూ మూడు విడతలు చర్చ జరిపాడు. ప్యూరిటన్ల తరఫున వచ్చింది నలుగురు. వాళ్లకు పెద్ద దిక్కు రెనాల్డ్స్. బాప్తిస్మంలో సిలువ గుర్తు వద్దన్నారు, చర్చిలకు బాగా చదువుకున్న బోధకులు కావాలన్నారు. బిషప్పులు కింది పాదిరులను కూడా కలుపుకొని నిర్ణయాలు చెయ్యాలని రెనాల్డ్స్ అనేసరికి రాజు మండిపడ్డాడు. బైబిలుకు కొత్త అనువాదం కావాలని రెనాల్డ్స్ అన్న మాట మాత్రం, లండన్ బిషప్పు బాన్‌క్రాఫ్ట్ అడ్డుచెప్పినా, రాజుకు నచ్చింది.

ఆనాటి రాజు గదులను 1689 తర్వాత కూల్చి కొత్తవి కట్టారు. గ్రేట్ హాల్, నీలం బంగారు రంగుల కప్పున్న ప్రార్థనాలయం మిగిలాయి. టికెట్ ఖరీదెక్కువే, అయినా ఆ కప్పు కింద కూర్చున్నాక నాకు బాధ అనిపించలేదు.

కానీ ఒక్కచోటికే వీలైతే ఆక్స్‌ఫర్డ్‌కే వెళ్లమంటాను. లండన్ పాడింగ్టన్ స్టేషన్ నుంచి రైల్లో సుమారు గంట. నేను దిగిన గెస్ట్‌హౌస్‌లో లిఫ్ట్ లేదు, మూడో అంతస్తుకి పెట్టెలు మోసుకోవాల్సి వచ్చింది. పెద్దవాళ్లతో వెళ్లేవారు కింది గది ముందే అడగండి. కార్పస్ క్రిస్టి కాలేజీ చిన్నది. సందర్శకుల వేళలు చూసుకునే బయల్దేరండి. ముంగిట్లో 1581 నాటి సూర్యగడియారం, దాని మీద పెలికాన్ పక్షి.

అప్పట్లో ఈ కాలేజీకి అధిపతి రెనాల్డ్స్. కొత్త అనువాదం పనిని పండితుల బృందాలకు పంచినప్పుడు, యెషయా నుంచి మలాకీ దాకా ప్రవక్తల గ్రంథాలు ఆయన ఉన్న బృందం వంతుకు వచ్చాయి. మంచం పట్టాక కూడా తోటి పండితులు ఆయన బసలోనే చేరి పని సాగించారు. 1607లో కన్నుమూశాడు. పుస్తకం అచ్చయింది 1611లో. అచ్చు పుస్తకాన్ని ఆయన చూడలేదు.

గుంటూరు మిషన్ బడిలో చదివిన మా నాన్న యెషయా 40వ అధ్యాయాన్ని ఆ ఇంగ్లీషులోనే కంఠతా చెప్పేవారు. కాలేజీ ప్రార్థనాలయంలో రెనాల్డ్స్ విగ్రహం ముందు కూర్చుని ఆ అధ్యాయం మొత్తం మెల్లగా చదువుకున్నాను.