సెకండ్ హ్యాండ్‌లో తెప్పించిన హెర్జోగ్ డీవీడీ సెట్: కొనొచ్చు, రీజియన్ మాత్రం చూసుకోండి

జర్మన్ దర్శకుడు వెర్నర్ హెర్జోగ్, నటుడు క్లాస్ కిన్‌స్కీ కలిసి చేసిన సినిమాల సెట్ ఇది. 2,600 పడింది. ఆరు డిస్కులు: అగీరే (1972), నోస్ఫెరాతు, వోయ్‌చెక్ (రెండూ 1979), ఫిట్జ్‌కరాల్డో (1982), కోబ్రా వెర్డే (1987), కిన్‌స్కీ పోయాక అతని మీద హెర్జోగే తీసిన డాక్యుమెంటరీ (1999).

ముందు నా ఏడుపు. డీవీడీలకి రీజియన్ అని ఒక తాళం ఉంటుంది, ఒక ప్రాంతం డిస్కు ఇంకో ప్రాంతం ప్లేయర్‌లో ఆడదు. అమ్మినాయన ఆ సంగతి ఎక్కడా రాయలేదు. ఇవి అమెరికా డిస్కులు, రీజియన్ 1, మనది 5. ఇంట్లో ప్లేయర్‌లో పెడితే ఎర్రర్ చూపించి బయటికి తోసేసింది. మెసేజ్ పెడితే ప్లేయర్ మార్చుకోండి సార్ అన్నాడు! చివరికి పాత ల్యాప్‌టాప్ డ్రైవ్‌లో రీజియన్ మార్చాను. అలా ఐదుసార్లే మార్చనిస్తుంది, తర్వాత లాక్ అయిపోతుంది, కాబట్టి తొందరపడి నొక్కకండి.

ల్యాప్‌టాప్ టీవీకి తగిలించి ఫిట్జ్‌కరాల్డో పెట్టాను. మాది విజయనగరం. తాతయ్య ఇంగ్లీషు సబ్‌టైటిల్స్ చదవలేరు, నేను చెబుతుంటే సగం వింటూ సగం కునుకు తీస్తూ కూర్చున్నారు. ఓడ సీన్ రాగానే లేచి "ఏట్రా, ఓడనేటి కొండెక్కిస్తన్నారు?" అన్నారు. పెరూ అడవిలో 320 టన్నుల ఆవిరి ఓడ, గ్రాఫిక్స్ కాదు తాతయ్యా, హెర్జోగ్ నిజంగానే లాగించాడు అంటే నమ్మలేదు. ఈ కథకి మూలమైన రబ్బరు వ్యాపారి కూడా ఓడని విడదీసి ముక్కలుగా మోయించాడు, ఈయన మాత్రం మొత్తం ఓడనే లాగించాడు. తాళ్లు బిగుసుకుని, ఓడ కొంచెం కదిలి మళ్లీ వెనక్కి జారే చోట తాతయ్యే ఒప్పుకున్నారు. "నిజిందేరా. బరువు లేకపోతే తాడు అలా వణకదు." పైడితల్లమ్మ సిరిమానుకి కొట్టిన చింతమానుని బండికెక్కించేటప్పుడు వయసులో తాడు పట్టిన మనిషి, ఆయన మాటకి నేను ఎదురు చెప్పను.

ప్రింటు పాతది, నోస్ఫెరాతులో చీకటి సీన్లు మరీ మసక. ఫిట్జ్‌కరాల్డో షూటింగ్ ఇంగ్లీషులో జరిగింది, జర్మన్ ట్రాక్ పెడితే పెదాలకీ మాటకీ కుదరదు. కానీ అగీరేకి హెర్జోగ్ చెప్పిన కామెంటరీ ఉంది చూడండి, నా డబ్బులు అక్కడే వచ్చేశాయి. మ్యూనిక్ ఫిల్మ్ స్కూల్ నుంచి కెమెరా ఎత్తుకొచ్చిన సంగతి చెబుతూ, అది దొంగతనం కాదు, అవసరం, కెమెరా మీద నాకు హక్కుంది అంటాడు. గొంతులో కాస్త కూడా తడబాటు లేదు.

లోటు ఏంటంటే ఇందులో సగం మనిషే ఉన్నాడు. ఎలుగుబంట్ల మధ్య బతకబోయి వాటికే బలైన వ్యక్తి మీద 2005లో తీసిన డాక్యుమెంటరీ లేదు, 2012లో హాలీవుడ్‌లో విలన్‌గా వేసిన హెర్జోగ్ లేడు, 2021లో జపాన్ సైనికుడి మీద నవల రాసిన హెర్జోగ్ అసలే లేడు. 1974లో పారిస్‌లో జబ్బుపడిన పెద్దావిడ, సినిమా విమర్శకురాలు లోటే ఐస్నర్ బతకాలని మ్యూనిక్ నుంచి నడిచి వెళ్లాడు, మనవాళ్లు కాలినడకన వస్తామని కొండకి మొక్కుకున్నట్టు. ఆవిడ 1983 దాకా బతికింది. ఆ నడక మీద ఆయన రాసిన పుస్తకం విడిగా కొనుక్కోవాల్సిందే. పెట్టె మీద కిన్‌స్కీ పేరు ఉందిగా అంటారా, సరే, ఒప్పుకుంటాను.

ఐదుకి నాలుగు. కోబ్రా వెర్డే ఇంకా చూడలేదు, తాతయ్య ఓడ ముక్కే మళ్లీ పెట్టమంటున్నారు.