కడియపులంక మెక్సికన్ గడ్డి: ఎండాకాలంలో తెప్పించుకుంటే

రాజమండ్రి దగ్గరి కడియపులంక నర్సరీల్లో లాన్ కోసం చదరపు అడుగుల లెక్కన అమ్మే మెక్సికన్ గడ్డి కార్పెట్‌కి వంక పెట్టడానికి పెద్దగా ఏమీ లేదు. ఆకు సన్నం, కాలికి మెత్తన, నెమ్మదిగా ఎదుగుతుంది కాబట్టి కోత తక్కువ. ఇబ్బందల్లా నర్సరీ గేటు దాటాకే. "ఏ సీజన్లో వేసినా పట్టేస్తుందండీ" అని అమ్మేవాళ్లు చెప్పే మాట సగమే నిజం.

ముక్కలు కోసి ఒకదాని మీద ఒకటి పేరిస్తే లోపల వేడి పుడుతుంది, పచ్చిగడ్డి వాము వేస్తే కాగినట్టే. మిట్టమధ్యాహ్నం ట్రక్ ఆటోలో టార్పాలిన్ బిగించి తెస్తే నడిమి ముక్కలు సాయంత్రానికి పసుపురంగుకి తిరిగిపోతాయి. దింపేటప్పుడు పేర్పు మధ్యలో చెయ్యి పెట్టి చూడండి. వెచ్చగా ఉండి పులిసిన వాసన కొడితే వెనక్కి పంపెయ్యండి. అడుగున నల్లటి తుంగ గడ్డలు కనబడితే అక్కడే ఏరించండి. గోదావరి డెల్టా నేలలో దిగిన తుంగ ఓ పట్టాన వదలదు, దాన్ని చంపే గ్లైఫోసేట్ అనే కలుపుమందు లాన్‌నీ చంపుతుంది.

నేల ముందే సిద్ధంగా ఉండాలి. మన బంకమట్టి ఎండితే బీటలు, తడిస్తే బురద. 5, 6 అంగుళాలు తవ్వి ఏటి ఇసుక, చివికిన పశువుల ఎరువు కలిపి చదును చేసి, ముందురోజు సాయంత్రం తడపండి. కాగిన మట్టి మీద పరిస్తే వేర్లు మాడతాయి. పని 4 గంటలు దాటాకే. ఇటుక గోడ కట్టినట్టు అతుకులు తప్పించి, సందు లేకుండా చేర్చి, రోలర్‌తో నొక్కాలి. అంతా అయ్యేదాకా ఆగకుండా వరస పరిచిన వెంటనే నీళ్లు పెట్టాలి. మొదటిరోజు 100 చదరపు అడుగులకి 200 లీటర్లు. మూల ఎత్తి చూస్తే అడుగు మట్టి తడిగా వేలికి అంటాలి.

తర్వాత 10 రోజులు తెల్లవారుజామున, సాయంత్రం తడి. వడగాలి రోజుల్లో మధ్యాహ్నం పైపైన చిలకరించొచ్చు. ఎండలో నీటిచుక్క ఆకుని కాలుస్తుందనేది ఉత్తమాట. కాల్చేది బోరులోని ఉప్పు. సముద్రం పక్క కోనసీమ ఊళ్లలో, రొయ్యల చెరువుల దగ్గర ఆకు కొసలు మాడుతుంటే ముందు నీళ్లని అనుమానించండి. అతుకులు విచ్చుకుంటే ఇసుక నింపండి. రెండు వారాలకి ముక్క లాగితే రాకూడదు. అప్పటిదాకా యూరియా, కోత, నడక మూడూ వద్దు.

వేసవిలో ధవళేశ్వరం ఆనకట్ట నుంచి కాలువలకి నీళ్లు ఆపేస్తారు. బోరు ఉప్పగా ఉన్నవాళ్లు కాలువ వదిలేదాకా ఆగడం మేలు. మేలోనే తప్పదంటే తెల్లారకుండా కోసి పంపమనండి. వచ్చిన ముక్కల్ని నీడలో విడివిడిగా పరిచి, తడి గోనెసంచులు కప్పితే సాయంత్రం దాకా ఆగుతాయి.