బీటిల్స్ సీడీలు: 1987వి కొనాలా, 2009వి కొనాలా?

పాత సీడీల్లోనే అసలు సౌండ్ ఉంటుంది, రీమాస్టర్ (పాత రికార్డింగ్ సౌండ్‌ని సరిచేసి మళ్ళీ విడుదల చేయడం) అంటేనే చెడగొట్టడం అని పట్టుపట్టే వాళ్ళు చాలామంది ఉన్నారు. కొన్ని ఆల్బమ్‌ల విషయంలో అది నిజమే. అమెరికన్ రాక్ గాయకుడు ఇగ్గీ పాప్ 1997లో మళ్ళీ మిక్స్ చేసిన, అంటే విడివిడిగా రికార్డైన గొంతుల్ని, వాయిద్యాల్ని మళ్ళీ కలిపిన 'రా పవర్' ఆల్బమ్ వినండి, సౌండ్ ఎంత పెంచేశారంటే రెండో పాటకే చెవులు నొప్పి పుడతాయి. కానీ బీటిల్స్ దగ్గరికొచ్చేసరికి ఈ వాదన నిలబడదు.

బీటిల్స్ ఆల్బమ్‌లు సీడీలుగా 1987లో వచ్చాయి కదా, వాటిలో 'హెల్ప్!', 'రబ్బర్ సోల్' రెండూ అసలు 1965 నాటి స్టీరియో మిక్సులే కావు. బీటిల్స్ ప్రొడ్యూసర్ జార్జ్ మార్టిన్ 1986లో పాత నాలుగు ట్రాకుల టేపులు తీసి మళ్ళీ మిక్స్ చేశాడు. 1965 మిక్స్‌లో 'డ్రైవ్ మై కార్' హెడ్‌ఫోన్స్‌లో వింటే గొంతులన్నీ ఒక చెవిలో, డ్రమ్స్, బేస్ ఇంకో చెవిలో, బ్యాండును గోడకి చెరో పక్కన నిలబెట్టి పాడించినట్టు ఉంటుంది. మార్టిన్ ఆ గొంతుల్ని కాస్త మధ్యకి లాగి, కొంచెం ఎకో కలిపాడు. వినడానికి హాయిగానే ఉంటుంది, కాదనను, కానీ 'ఒరిజినల్' అని ఎక్కువ డబ్బు పెట్టి కొంటే మాత్రం చేతికొచ్చేది ఇదే. తమాషా ఏంటంటే 2009 సెప్టెంబర్ 9న వచ్చిన స్టీరియో రీమాస్టర్లలోనూ ఈ రెండు ఆల్బమ్‌లకి ఈ 1986 మిక్సే వాడారు. 1965 స్టీరియో కావాలంటే 2009 మోనో బాక్స్ (మోనో మిక్సుల సీడీల సెట్) కొనాలి, అందులో మోనోతో (రెండు చెవుల్లోనూ ఒకే సౌండ్ వచ్చే మిక్స్‌తో) పాటు అదే డిస్క్‌లో ఇచ్చారు!

ఇక సౌండ్. 1987 వాటిలో బేస్ పల్చగా, పాట మొత్తం కాస్త దూరం నుంచి వస్తున్నట్టు ఉంటుంది. 2009లో మెకార్ట్‌నీ బేస్ నిండుగా ముందుకొచ్చింది, 'గర్ల్'లో లెనన్ ఊపిరి పీల్చే చప్పుడు పక్కనే వినిపిస్తుంది. స్టీరియో సెట్‌లో లిమిటింగ్ (మరీ గట్టిగా వచ్చే చోట్లని అణిచి పాట మొత్తం సౌండ్ పెంచడం) కొద్దిగా వాడారు, మోనో బాక్స్‌లో అసలు వాడలేదు. అందుకని పోల్చేముందు రెండింటి వాల్యూమ్ సమానం చేసుకోండి, లేకపోతే గట్టిగా వినిపించేదే బాగుందనిపిస్తుంది. నేను వాల్యూమ్ సరిచేసి విన్నా 2009వే నచ్చాయి.

1987 వాటిలో నేను వదులుకోనివి మొదటి నాలుగు ఆల్బమ్‌లు. అవి అప్పుడు మోనోలోనే ఇచ్చారు, ఆ రోజుల్లో వాళ్ళు శ్రద్ధ పెట్టి మిక్స్ చేసింది కూడా మోనోకే. మోనో బాక్స్‌కి అంత డబ్బు పెట్టలేం అనుకునేవాళ్ళు ఆ నాలుగూ సెకండ్ హ్యాండ్‌లో కొనుక్కుని, 'హెల్ప్!' నుంచి 2009 స్టీరియోవి తీసుకుంటే సరిపోతుంది.