కొత్తపట్నం తాటాకింట్లో రెండు రాత్రులు

సముద్రం ఒడ్డున పేదవాళ్ళ ఇళ్ళ మీద డాక్యుమెంటరీ తీద్దామని నేనూ, కెమెరా పట్టే తమ్ముడూ పినాకిని ఎక్స్‌ప్రెస్‌లో ఒంగోలు చేరాం. కట్టినవాళ్ళను కాదు, అందులో ఉంటున్నవాళ్ళను అడగాలన్నది మా పట్టుదల.

మొదటి రాత్రి స్టేషన్ దగ్గర లాడ్జీలో దిగాం. గది శుభ్రమే, కానీ ఒకే ప్లగ్గు పనిచేసింది. బ్యాటరీలన్నీ వంతులవారీగా ఛార్జింగ్ పెట్టుకున్నాం. దాన్ని సర్దుకోవచ్చు. అసలు నష్టం తెల్లవారుజామున ఆటో దొరక్కపోవడం. కొత్తపట్నం ఇరవై కిలోమీటర్ల లోపే అయినా, మేం వెళ్ళేసరికి పడవలు ఒడ్డుకొచ్చేశాయి, ఇళ్ళల్లో పొయ్యిలు ఆరిపోయాయి. ఇల్లు ఎలా బతుకుతుందో కనిపించే గంట అదే.

ఊరి పెద్దలను కలిసి అనుమతి అడిగాక, ఒక పెద్దమ్మ తన వసారాలో మంచాలు వేసింది. "ఫ్యాను లేదు నాయనా, సముద్రం గాలే" అంది. తాటాకు చూరు ఎంత కిందికుందంటే వంగితే గానీ లోపలికి పోలేం. గాలి కప్పు కింద దూరి పైకి ఎత్తేయకుండా అలా దించుతారు. మందపాటి మట్టిగోడలు కావడంతో మధ్యాహ్నం కూడా లోపల చల్లగా ఉంది. ఎదురుగా ఉన్న కాలనీ శ్లాబు ఇళ్ళవాళ్ళు మాత్రం రాత్రి పది దాటినా వేడికి బయటే మంచాలు వేసుకున్నారు.

అయితే తాటాకు ఇల్లే మేలా అని అడిగితే పెద్దమ్మ ఒప్పుకోలేదు. "రెండు మూడేళ్ళకోసారి ఆకు మార్చాల. నిప్పు భయం. తుపానొస్తే శ్లాబే దిక్కు." 2004 సునామీ ఈ తీరాన్నీ తాకింది, ఆ భయం ఇంకా పోలేదు. మా సినిమా దారి ఆ మాటతోనే మారింది. కావాల్సింది చల్లగా ఉండే శ్లాబు. కేరళలో ఆర్కిటెక్ట్ లారీ బేకర్ శ్లాబు మధ్యలో పాత పెంకులు పెట్టి పోయించారు. సిమెంటు తగ్గుతుంది, వేడీ తగ్గుతుంది. 1993లో అమెరికాలోని అలబామాలో మొదలైన రూరల్ స్టూడియోలో ఆర్కిటెక్చర్ విద్యార్థులు ఆ పల్లెల్లోనే ఉంటూ పేదలకు ఇళ్ళు కట్టారు. అలా ఉండి చూస్తేనే ఇలాంటి మాటలు చెవిన పడతాయి.

అన్నిటికన్నా మంచి షాట్ తుపాను షెల్టర్ దగ్గర దొరికింది. ఉప్పెన నీళ్ళు కిందనుంచి పోవాలని స్తంభాల మీద కట్టిన భవనం అది. ఆ స్తంభాల నీడలో కూర్చుని మగవాళ్ళు వలలు బాగుచేసుకుంటున్నారు.

షూటింగ్‌కి వెళ్ళేవాళ్ళు మాటలన్నీ పొద్దున్నే రికార్డు చేసుకోండి. మధ్యాహ్నం సముద్రపు గాలికి మైకులో హోరు తప్ప ఏమీ వినిపించదు. లెన్సు మీద ఉప్పు పొర గంటగంటకీ తుడవాలి.

తిరుగు దారిలో నెల్లూరు వైపు వెళ్ళి మైపాడు బీచ్ కూడా చూశాం. పిల్లలతో సరదాగా గడపడానికి బాగుంది గానీ మా పనికి పనికిరాలేదు. నెల్లూరులో తిన్న చేపల పులుసు కోసం మాత్రం మళ్ళీ ఆగుతాను.

ఉగాది దాటాక కొత్త ఆకు వేయిస్తానంది పెద్దమ్మ. ఆ వారం మళ్ళీ వెళ్తున్నాం. ఈసారి లాడ్జీ మాట్లాడలేదు.