పాత క్యాసెట్లను పెన్‌డ్రైవ్‌లోకి ఎక్కించే హన్మకొండ దుకాణం

హన్మకొండ చౌరస్తాకు దగ్గరలోని ఒక సందులో, టేప్‌రికార్డర్లు, యాంప్లిఫయర్లు బాగుచేసే చిన్న దుకాణంవారు పాత క్యాసెట్లలోని పాటలను పెన్‌డ్రైవ్‌లోకి ఎక్కించి ఇస్తున్నారు. ఒక్కో క్యాసెట్‌కు 200 రూపాయలు తీసుకుంటారు. కాలేజీ రోజుల నుంచి దాచుకున్న బ్రిటిష్ ఆల్బమ్‌లను నేను వారికి అప్పగించాను: స్పైస్ గర్ల్స్ తొలి ఆల్బమ్, 1997 ఆగస్టులో వచ్చిన ఒయాసిస్ ‘బి హియర్ నౌ’, అదే ఏడాది వెలువడిన పోర్టిస్‌హెడ్ రెండో ఆల్బమ్, 1998 నాటి మాసివ్ అటాక్ ‘మెజనైన్’.

యంత్రం పనిలో వారికి వంక పెట్టలేము. రీలుకు పట్టిన బూజును తుడిచి, తెగినచోట అతికించి, ప్రతి క్యాసెట్‌కూ టేపును చదివే హెడ్ కోణాన్ని విడిగా సరిచేసుకున్న తర్వాతే రికార్డు చేస్తారు. ఆ కోణం కాస్త తప్పినా డ్రమ్ములతో పాటు వాయించే సింబల్స్ (ఇత్తడి తాళాల) మోత, గొంతులోని ‘స’కార, ‘ష’కారాల పదును మొద్దుబారిపోతాయి. స్పైస్ గర్ల్స్ పాటలు ఈ శ్రద్ధ వల్ల కొత్త క్యాసెట్‌లో విన్నంత స్పష్టంగా వచ్చాయి.

చిక్కల్లా మనం అడగకుండానే వారు చేసే శబ్దశుద్ధితోనే వచ్చింది. టేపు బుసను తీసేసే సాఫ్ట్‌వేర్‌కు, సంగీతకారులు కావాలని ఉంచిన చిటపటలకూ మురికికీ తేడా తెలియదు. బ్రిస్టల్ ప్రాంతానికి చెందిన పోర్టిస్‌హెడ్ బృందం తమ వాయిద్యాలను తామే రికార్డు చేసుకుని, వాటిని వినైల్ (గ్రామఫోన్) రికార్డు మీద అచ్చు వేయించి, ఆ రికార్డుల గీతలతో సహా శబ్దాన్ని తిరిగి పాటల్లోకి తెచ్చుకునేది. మాసివ్ అటాక్ పాట ‘టియర్‌డ్రాప్’ మొదట్లో వినిపించే చిటపట కూడా అలాంటిదే. నాకు మొదట అందిన ప్రతిలో ఆ చిటపటంతా మాయమై, ఆ పాట పాడిన ఎలిజబెత్ ఫ్రేజర్ గొంతు చుట్టూ ఆసుపత్రి గదిలాంటి శుభ్రత మిగిలింది. ‘బి హియర్ నౌ’కు మాత్రం ఈ శుద్ధి వల్ల నష్టమేమీ కలగలేదు, ఎందుకంటే 71 నిమిషాలకు పైగా సాగే ఆ ఆల్బమ్‌లో గిటార్ల మీద గిటార్లు పేర్చడం వల్ల బుస వినిపించేంత ఖాళీ ఎక్కడా లేదు. (ఆ మితిమీరిన మోతను తర్వాతి కాలంలో ఒయాసిస్ గిటారిస్టు, పాటల రచయిత నోయెల్ గాలఘర్ స్వయంగా తప్పుపట్టారు, అయినా నాకు అది ఇష్టమే.)

సమస్య చెప్పగానే దుకాణదారు వాదించకుండా, అదనపు రుసుము తీసుకోకుండా, శుద్ధి చేయని ప్రతిని మళ్లీ తయారుచేసి ఇచ్చారు. కాబట్టి క్యాసెట్ ఇచ్చేటప్పుడే శబ్దశుద్ధి వద్దని, శబ్దాన్ని కుదించే ఎంపీ3 బదులు, కుదించని వేవ్ ఫైలు కావాలని చీటీ మీద రాయించుకోవడం మంచిది. పాటలను విడివిడిగా కోసి ఇస్తారు గానీ పేర్లు రాయరు. ఆ పని మనమే చేసుకోవాలి.