జేజి పళ్ళ కోసం కొన్న స్లో కుక్కర్: కర్నూల్లో ఆరు నెలల వాడకం

స్లో కుక్కర్ అంటే తక్కువ వేడి మీద గంటల తరబడి నిదానంగా ఉడికించే కరెంటు కుండ. ముందే చెప్పేస్తున్నా, ఇది ప్రెషర్ కుక్కర్‌కి బదులు కొనుక్కునే వస్తువు కాదు. మీ ఇంట్లో మటన్ ఆరేడు విజిల్స్‌కి ఉడికిపోతూ, తినేవాళ్ళందరికీ పళ్ళు గట్టిగా ఉంటే ఈ మూడు వేల చిల్లర ఇంకదేనికైనా పెట్టుకోండి. మా ఇంట్లో జేజికి పళ్ళు లేవు, కట్టుడు పళ్ళు పెట్టించినా అవి గ్లాసులోనే ఉంటాయి, కానీ ఆదివారం కూర వాసన వస్తే మాత్రం అందరికన్నా ముందు కంచం దగ్గర ఆమే కూర్చుంటుంది. కూర్చుని పులుసులో సంగటి ముద్ద అద్దుకుని, ముక్కలన్నీ నా కంచంలోకి తోసేస్తుంది. అది చూడలేకే ఇదంతా మొదలైంది.

డల్లాస్‌లో ఉండే మా అక్క ఒకసారి వీడియో కాల్‌లో పాట్ రోస్ట్ చూపించింది. పేరులో రోస్ట్ ఉంది గానీ అది వేపుడు కాదు, పెద్ద మాంసం ముక్కని కోయకుండా అలాగే ఉర్లగడ్డలు, క్యారెట్లు, ఎర్రగడ్డలతో పాటు మూత పెట్టి పొద్దంతా ఉడికించడం. అక్కడ ఎక్కువగా బీఫ్‌లో భుజం దగ్గరి ముక్కతో చేస్తారు, మూడు పౌండ్లు, అంటే కేజీన్నర కంటే కొంచెం తక్కువ. పొద్దున స్లో కుక్కర్లో పెట్టి ఆఫీసుకి పోతే సాయంత్రానికి రెడీ. అక్క రెండు ఫోర్కులతో అలా అనగానే ముక్క దారాలు దారాలుగా విడిపోయింది. జేజి నా ఫోన్ లాక్కుని ముఖం దగ్గర పెట్టుకుని, "ఏందిరా అది, చియ్యలు అన్నం మెతుకుల్లా విడిపోతుండాయే" అంది. అంతే, కొనక తప్పలేదు.

అక్క తన పాతది తెస్తానంది, వద్దన్నాను. అమెరికాలో కరెంటు 120 వోల్టులు, మనది 230. అక్కడిది తెచ్చి నేరుగా మన ప్లగ్గులో పెడితే కాలిపోతుంది, లేదంటే దానికో ట్రాన్స్‌ఫార్మర్ కొని వంటగది గట్టు మీద పెట్టుకోవాలి. అమెరికా నుంచి ఎవరైనా తెస్తామంటే మర్యాదగా వద్దనండి.

ఆన్‌లైన్‌లో బుక్ చేశాను. బ్రాండ్ పేరు రాయను, ఎందుకంటే నేను చెప్పబోయే తిప్పల్లో సగం ఏ కంపెనీది కొన్నా పడాల్సినవే. వచ్చిన మొదటి పీస్‌లో కుండ అంచు గోరంత విరిగి ఉంది. రిటర్న్ పెడితే ఈరోజు వస్తాం, రేపు వస్తాం అని నాలుగు రోజులు తిప్పి, ఐదో రోజు మధ్యాహ్నం నేను ఆఫీసులో ఉన్నప్పుడు ఫోన్ చేసి "సార్ ఇంటి ముందున్నాం" అన్నారు. రెండో పీస్ బాగుంది. 3.5 లీటర్లు, 200 వాట్లు, లోపల బరువైన పింగాణీ కుండ, పైన గాజు మూత, ముందు ఒక నాబ్: ఆఫ్, లో, హై, వార్మ్. అంతకన్నా ఏమీ లేదు. ఇదే మంచిదని తర్వాత తెలిసింది, ఎందుకో కరెంటు సంగతి దగ్గర చెప్తా.

మొదటి ఆదివారం ఘోరంగా చెడింది. తప్పులన్నీ నావే. తొడ మాంసం తెచ్చా, అలవాటు కొద్దీ ముక్కలు కొట్టించా, అల్లం తెల్లగడ్డ ముద్ద పచ్చిదే వేసేశా, రెండు గ్లాసులు నీళ్ళు పోశా, నాలుగు టమాటాలు వేశా, ఉర్లగడ్డలు అందంగా పైన పేర్చా. ఎనిమిది గంటల తర్వాత మూత తీస్తే పల్చటి చారు, దాంట్లో పచ్చి అల్లం వాసన, ముక్కలేమో మెత్తగానే ఉన్నాయి కానీ నోట్లో పీచుపీచుగా, ఉర్లగడ్డ మధ్యలో ఇంకా కరకరలాడుతోంది. మా ఆవిడ ఏమీ అనలేదు, గ్యాస్ వెలిగించి అదంతా బాండ్లిలో పోసి మరగబెట్టింది. ఏమీ అనకపోవడమే పెద్ద మాట మా ఇంట్లో.

తర్వాత కూర్చుని చదివితే ఒక్కొక్కటీ అర్థమైంది. ఈ కుండలో నీళ్ళు ఇగరవు. ఆవిరి మూతకి తగిలి మళ్ళీ కిందికే కారుతుంది, పైగా మాంసం, ఎర్రగడ్డలు వదిలే నీళ్ళు కూడా కలుస్తాయి, కాబట్టి అర గ్లాసు చాలు. వేడి పక్కల నుంచి, కింద నుంచి వస్తుంది, గడ్డలు మాంసం కంటే నిదానంగా ఉడుకుతాయి, అందుకే అవి అడుగున ఉండాలి. టమాటా పులుపు తగిలితే ఉర్లగడ్డ ఇంకా మొండికేస్తుంది. ఇంకొకటి, లో అంటే తక్కువ వేడి, హై అంటే ఎక్కువ వేడి అనుకుంటాం కదా, చాలా మోడళ్ళలో రెండూ చివరికి చేరేది ఇంచుమించు ఒకే వేడికి, మరుగు కంటే కాస్త కిందికి. అక్కడికి చేరే టైంలోనే తేడా. నాది లోలో ఎనిమిది గంటలు తీసుకుంటే హైలో నాలుగున్నర, ఐదు. వార్మ్ అనేది ఉడికాక వేడిగా ఉంచడానికే, దాంట్లో పచ్చి మాంసం ఎప్పుడూ పెట్టకండి.

అసలు విషయం మాంసం ఎంపికలో ఉంది. తొడలో కండ ఎక్కువ, జిగురు తక్కువ. జబ్బలో పొరలు పొరలుగా తెల్లటి జిగురు ఉంటుంది, మామూలుగా మనం తీసి పారేయమనేది అదే. దాన్ని కొల్లాజెన్ అంటారు, 70 డిగ్రీలు దాటిన వేడిలో గంటల తరబడి ఉంటే కరిగి జెలటిన్ అవుతుంది, పులుసుకి ఆ చిక్కదనం, పెదాలకి అంటుకునే ఆ జిగట దాంతోనే. ప్రెషర్ కుక్కర్ 120 డిగ్రీల దాకా పోతుంది కాబట్టి ఈ పని గంటలోపే చేస్తుంది, కానీ ఆ ఊపులో కండ బిగుసుకుని నీళ్ళు కూడా పిండేస్తుంది. ఒక విజిల్ ఎక్కువైతే పీచు, తక్కువైతే రబ్బరు. ఇక్కడ ఒక అరగంట అటూ ఇటూ అయినా ఏం కాదు. నేను డబ్బు పెట్టింది ఆ అరగంట కోసం.

రెండో ఆదివారం పొద్దున్నే మా మటన్ అన్న దగ్గరికి పోయి, "అన్నా, పొట్టేలు జబ్బ, కేజీ పైన ఉన్నా పర్లేదు, ముక్కలు కొట్టొద్దు" అన్నా. ఆయన కత్తి ఆపి చూశాడు. "అంటే ఎట్ల సార్, పెద్ద ముక్కలా?" "ముక్కలే వద్దన్నా, అట్లే ఇయ్యి." "బొక్కతోనా?" "బొక్కతోనే." వెనక లైన్లో ఉన్నాయన "కాల్చుకుంటారేమో" అని సర్దిచెప్పాడు. చివరికి కుండలో పట్టాలి కదా అని ముంజేతి ఎముక దగ్గర ఒక్క దెబ్బ మాత్రం వేయించుకున్నా, మిగతాదంతా ఒకటే ముక్క, కేజీ రెండొందలు తూగింది.

ఇప్పుడు నేను చేసే పద్ధతి ఇదీ. రాత్రే జబ్బకి ఉప్పు, పసుపు, మిరియాల పొడి పట్టించి ఫ్రిజ్‌లో పెడతా. పొద్దున బయటికి తీసి తడి లేకుండా బట్టతో అద్ది, ఇనుప బాండ్లిలో రెండు చెంచాల బుడ్డల నూనె బాగా కాగాక పెట్టి కదపకుండా వదిలేస్తా. మూడు నాలుగు నిమిషాలకి అడుగు వదులుతుంది, అప్పుడు తిప్పాలి, ముందే తిప్పితే చర్మం ఊడినట్టు ఊడుతుంది. నాలుగు వైపులా గోధుమ రంగు రావాలి. రుచి అంతా ఆ రంగులోనే, కుండలో ఎన్ని గంటలు పెట్టినా ఈ రంగు రాదు. ముక్క తీసేసి అదే నూనెలో రెండు ఎర్రగడ్డలు పెద్ద చీలికలుగా, ఎనిమిది తెల్లగడ్డ రెబ్బలు, అల్లం, రెండు చెంచాల ధనియాల పొడి, ఎండు కారం వేసి పచ్చి వాసన పోయేదాకా వేయిస్తా. అర గ్లాసు నీళ్ళు పోసి బాండ్లికి పట్టిన నల్లటిదంతా గరిటెతో గీకి కలుపుతా. కుండ అడుగున ఉర్లగడ్డలు సగానికి, క్యారెట్లు బొటనవేలంత లావు ముక్కలుగా, కొన్నిసార్లు నూల్‌కోల్, వాటి మీద జబ్బ, దాని మీద ఈ మసాలా. అమెరికా వాళ్ళు సెలెరీ అనే కాడల కూర వేస్తారు, అది మన సి క్యాంప్ రైతు బజార్లో నాకెప్పుడూ దొరకలేదు, కొత్తిమీర కాడలు కట్టగా కట్టి పడేస్తా, సరిపోతుంది. లవంగం, చెక్క చాలా తక్కువ వేయాలి, ఎనిమిది గంటల్లో ఘాటు పెరిగి మందు వాసనొస్తుంది. గరం మసాలా అయితే దించే ముందే.

మూత మాత్రం తీయొద్దు. తీసిన ప్రతిసారీ పోయిన వేడి మళ్ళీ రావడానికి ఇరవై నిమిషాలు, అరగంట పడుతుంది. మా ఇంట్లో ఇది పెద్ద టెన్షన్, జేజి గంటకోసారి "పొంగుతుందేమో చూడరా" అంటుంది, పొంగదు అంటే నమ్మదు.

ఆ రెండో ఆదివారం సాయంత్రం ఆరింటికి తీశాను. ఎముక పట్టుకుని లాగితే ఎముక ఒక్కటే చేతికొచ్చింది, శుభ్రంగా, కడిగినట్టు. ఉర్లగడ్డ వేలితో నొక్కితే నలిగింది కానీ చెదరలేదు. జేజికి చిన్న గిన్నెలో పెట్టి ఇచ్చా. చిగుళ్ళతోనే నెమ్మదిగా నమిలింది, ఇంకోసారి పెట్టించుకుంది, మూడోసారి కూడా. తర్వాత, "ఉడికింది సరే గానీ, కారమేదిరా?" అంది. నిజమే, అక్క చెప్పిన కొలతలో మన నోటికి ఏమీ తగలదు. అప్పటి నుంచి కారం రెట్టింపు చేశా, రాగి సంగటితో అయితే అదే కుదురుతుంది. జొన్న రొట్టెలోకి మాత్రం మర్నాడు పొద్దున తినాలి, రాత్రి ఫ్రిజ్‌లో పులుసు గడ్డకట్టి ఉంటుంది చూడండి, పైన నెయ్యిలా పేరుకున్న కొవ్వు చెంచాతో తీసేసి వేడి చేస్తే దాని ముందు ఆదివారం తిన్నది దండగ.

ఇక కరెంటు. 200 వాట్లు ఎనిమిది గంటలంటే 1.6 యూనిట్లు, యూనిట్ ఆరు రూపాయలనుకున్నా పది రూపాయల లోపే. బిల్లు భయం లేదు. భయమల్లా పోవడం గురించే. మే నెలలో ఒకరోజు పెట్టిన గంటకి కరెంటు పోయి రెండున్నర గంటలకి గానీ రాలేదు. నాబ్ మోడల్ కాబట్టి కరెంటు రాగానే దానంతట అదే మొదలవుతుంది, బటన్లుండే డిజిటల్ వాటిలో చాలావరకు ఆఫ్ అయిపోయి కూర్చుంటాయి, మనం ఆఫీసు నుంచి వచ్చేదాకా తెలియదు. కానీ ఆ రోజు నాబ్ ఉన్నా లాభం లేదు, మాంసం సగం వేడిలో అన్నేసి గంటలు ఉంటే పాడవుతుంది, మన ఎండలో ఇంకా తొందరగా. నేను ఇంట్లోనే ఉన్నా కాబట్టి పావుగంట చూసి అంతా తీసి ప్రెషర్ కుక్కర్లో వేసి గ్యాస్ మీద పెట్టేశా. ఇంట్లో ఎవరూ లేకపోయి, కరెంటు ఎంతసేపు పోయిందో తెలియకపోతే వాసన చూసి తేల్చొద్దు, పారబోయండి. ఇప్పుడు ఇన్వర్టర్ లైన్ ఉన్న ప్లగ్గుకి మార్చా, రెండు మూడు ఫ్యాన్లంత లోడే కాబట్టి లాగుతోంది.

వేరేవి కూడా చేసి చూశా. పప్పు దండగ, కుక్కర్లో పావుగంట పనికి పొద్దంతా ఎందుకు. నాటుకోడి బాగా వస్తుంది, బ్రాయిలర్ పెడితే గుజ్జు అవుతుంది. పెరుగు, పాలు మొదట్లోనే పోస్తే విరుగుతాయి. రాజ్మా మాత్రం జాగ్రత్త, పచ్చి గింజల్లో ఉండే విషపదార్థం ఈ తక్కువ వేడికి పోదు, నానబెట్టి ఆ నీళ్ళు పారబోసి, వేరే నీళ్ళలో గ్యాస్ మీద పది నిమిషాలు తెర్ల కాచాకే ఇందులో వేయాలి.

ఈ వస్తువు పుట్టుక కథ కూడా నాకు నచ్చింది. అమెరికాలో ఇర్వింగ్ నాక్సన్ అనే ఆయనకి 1940లో దీని పేటెంటు వచ్చింది. వాళ్ళు యూదులు. లిథువేనియాలో వాళ్ళ అమ్మ చిన్నప్పుడు, యూదుల ఆచారం ప్రకారం శనివారం పొయ్యి వెలిగించకూడదు కాబట్టి శుక్రవారం సాయంత్రమే చిక్కుడు గింజలు, మాంసం కుండ తీసుకెళ్ళి బేకరీ పొయ్యిలో పెట్టేవాళ్ళట, ఆరిపోతున్న వేడికి రాత్రంతా ఉడికేదట. అదే ఆయనకి దారి చూపింది. క్రాక్ పాట్ పేరుతో అంగళ్ళలోకి వచ్చింది 1971లో. ఇది జేజికి చెప్తే ఆశ్చర్యపడలేదు, "దాలి కదా అది" అంది. వాళ్ళింట్లో పెరట్లో దాలి గుంట ఉండేదట, పిడకలు రాజేసి దాంట్లో పాలకుండ పెడితే సాయంత్రానికి ఎర్రగా, చేతిమందం మీగడతో కాగేవట. ఒకరోజు లీటరు పాలు లోలో పెట్టి చూశా. మీగడ వచ్చింది, రంగు కొంచెం వచ్చింది, పిడకల పొగ వాసన రాదు కదా. జేజి తాగి గ్లాసు పక్కన పెట్టింది, ఏమీ అనలేదు.

చిరాకులు కూడా ఉన్నాయి. కుండ బరువు, సబ్బు చేతులతో కడగాలంటే భయం, వేడి మీద చల్లనీళ్ళు పోస్తే పగులుతుంది కాబట్టి చల్లారేదాకా సింకు పక్కన అడ్డంగా పడుంటుంది. కుండని గ్యాస్ మీద పెట్టలేం, అందుకే బాండ్లి, కుండ రెండూ కడగాలి. వైరు మరీ పొట్టి, మూరెడు కూడా లేదు. ఐదుగురు దాటితే 3.5 లీటర్లు చాలవు. పొద్దున ఏడున్నరకి కోడుమూరు బస్సు పట్టుకోవాల్సిన మా ఆవిడ మాత్రం దీన్ని వారంలో రెండు రోజులు వాడుతోంది, ముందు నవ్వింది తనే.

ఈ ఆదివారం కాళ్ళు పెట్టమని జేజి ఆర్డర్ వేసింది. కాళ్ళు కాల్చి గీకి ఇచ్చే అతను ఎనిమిదికల్లా అయిపోయాయని చేతులు దులుపుతాడు, ఆరింటికే లేచి పోవాలి.