యస్ బ్యాండ్‌లో ఏ ఆల్బమ్ మేలు?

1968లో లండన్‌లో మొదలైన యస్ అనే రాక్ బ్యాండ్ ఇరవైకి పైగా స్టూడియో ఆల్బమ్‌లు చేసింది. అన్నీ వరసపెట్టి వినమని నేనెవరికీ చెప్పను. అసలు పోటీ రెండింటి మధ్యే: 1972లో వచ్చిన ‘క్లోజ్ టు ది ఎడ్జ్’, 1973 చివర్లో వచ్చిన ‘టేల్స్ ఫ్రమ్ టోపోగ్రాఫిక్ ఓషన్స్’.

మనవాళ్ల మనసు ముందు రెండోదాని మీదికే పోతుంది. పరమహంస యోగానంద ‘ఒక యోగి ఆత్మకథ’లోని ఒక ఫుట్‌నోట్ దీనికి మూలం మరి. అందులో చెప్పిన శ్రుతి, స్మృతి, పురాణం, తంత్రం పట్టుకుని గాయకుడు జాన్ ఆండర్సన్, గిటారిస్టు స్టీవ్ హౌ నాలుగు పాటలు అల్లారు. రెండు ఎల్పీలు (పెద్ద గ్రామఫోను రికార్డులు), వైపుకో పాట, మొత్తం ఎనభై నిమిషాలు. అలాగని మన రాగాలేవో వినిపిస్తాయని ఆశపడొద్దు. ఇది పక్కా ఇంగ్లీషు రాక్. చిక్కల్లా సాగదీతతోనే. సరుకు ఒక ఎల్పీకి ఎక్కువైంది, రెండింటికి చాల్లేదు. కీబోర్డు వాయించే రిక్ వేక్‌మన్‌కే విసుగొచ్చి, ఒక కచేరీలో స్టేజీ మీదే కర్రీ తిన్నాడు. 1974లో బ్యాండే వదిలేశాడు. అయినా మూడో వైపు చివర్లో హౌ అకూస్టిక్ గిటార్ అందుకునే చోటు మాత్రం వదులుకోలేను.

‘క్లోజ్ టు ది ఎడ్జ్’లో ఉన్నవి మూడే పాటలు. మొదటిది పద్దెనిమిది నిమిషాల పైమాటే, ఒక వైపంతా అదే. పిట్టల కూతలు, నీళ్ల చప్పుడు, ఉన్నట్టుండి గిటార్ విరుచుకుపడుతుంది. ఎవరి దారి వాళ్లదే అన్నట్టు వాయిస్తూ, అందరూ ఒక్కసారిగా ఆగిపోతారు; గొంతులు మాత్రం ‘ఆ’ అంటాయి. మళ్లీ అదే హోరు. మధ్యలో అంతా నెమ్మదించి, ఒకదాని మీద ఒకటి గొంతులు చేరి, చర్చి ఆర్గాన్ దగ్గరికి తీసుకెళ్తాయి. ఒక్క నిమిషం కోసేద్దామన్నా చోటు దొరకదు. ఈ రికార్డింగ్ అవగానే డ్రమ్మర్ బిల్ బ్రూఫర్డ్ మరో రాక్ బ్యాండ్ కింగ్ క్రిమ్సన్‌లోకి వెళ్లిపోయాడు. నా ఓటు దీనికే.

ఇంత పొడుగు పాటలంటే భయమైతే 1983 నాటి ‘90125’ ఉంది. పేరు వింతగా ఉందేమో గానీ, అది రికార్డు కేటలాగ్ నంబరే. ‘ఓనర్ ఆఫ్ ఎ లోన్లీ హార్ట్’ పాట 1984 మొదట్లో అమెరికాలో నంబర్ వన్ అయింది. ట్రెవర్ రాబిన్ గిటార్ చురుగ్గా ఉంటుంది, కారులో హాయిగా వినొచ్చు. కాకపోతే ఇదొక్కటే విని ఆగిపోతే, యస్ అంటే జనం ఎందుకంత పడిచస్తారో మాత్రం అర్థం కాదు.